పాత ఒడ్డు కూడా ఒడ్డే

సముద్రం లేని ఊళ్ళో కూచుని సముద్రపు ఒడ్డు గురించి రాయడమేమిటని ఈ సంచిక తిరగేసే మిత్రులు అడగవచ్చు. కాచిగూడలో అద్దెగది, విశ్వవిద్యాలయ ప్రాంగణంలో క్లాసులు, సాయంత్రం తార్నాకలో టీ. మూడేళ్ళుగా నా ప్రపంచం ఇంతే. దగ్గరి సముద్రానికి ఇక్కణ్ణించి మూడువందల కిలోమీటర్ల దారి. అయినా నాదొక వాదన వుంది. ఒడ్డు అంటే సముద్రం ఇవాళ ఆగిన గీత ఒక్కటే కాదు. వెయ్యేళ్ళ క్రితం ఆగిన చోటూ ఒడ్డే, ఆరువేల ఏళ్ళ క్రితం ఆగిన చోటూ ఒడ్డే. ఆ పాత ఒడ్లు మన కళ్ళముందే వున్నాయి. వాటిని మనం దిబ్బలంటున్నాం, బంజరంటున్నాం, ట్రాక్టర్లకెత్తి అమ్ముకుంటున్నాం. ఈ పని ఆగాలని నా అభిప్రాయం. ఎందుకో చెబుతాను.

మా ఊరు బాపట్లకీ సముద్రానికీ మధ్యన వుంది. మాది రెండెకరాల పర్ర, దిబ్బవాలులో ఎకరంన్నర. ఈ మాటలు ఇక్కడి మిత్రులకి కొత్త గనక కొంచెం వివరించాలి. మా తీరం దూరంనించి బల్లపరుపుగా కనిపిస్తుంది గాని నిజానికి అలా వుండదు. సముద్రంవైపు నడుస్తూపోతే ఒక ఇసుకమిట్ట వస్తుంది, తర్వాత పల్లం, మళ్ళీ మిట్ట, మళ్ళీ పల్లం. మిట్టని దిబ్బ అంటాం. పల్లాన్ని పర్ర అంటాం. దిబ్బలు సముద్రానికి ఇంచుమించు సమాంతరంగా మైళ్ళకొద్దీ సాగుతాయి. ఊళ్ళు దిబ్బలమీద, వరి పర్రలో. తాళ్ళూ సరుగుడూ దిబ్బమీద, తుంగ పర్రలో. ఊరు కట్టేటప్పుడు మా పెద్దలు ఏ ఇంజనీరునీ అడగలేదు; వానాకాలం నీళ్ళు ఎక్కడ నిలవవో చూసుకుని కట్టుకున్నారు. అందుకే ఊరు సన్నగా, పొడుగ్గా, ఒకటే వీధిలాగా వుంటుంది. నమ్మకం లేకపోతే ఫోన్లో ఉపగ్రహచిత్రం తెరిచి కృష్ణా డెల్టా అంచుని పెద్దది చేసి చూడండి. పచ్చటి పొలాల నడుమ ఇళ్ళూ చెట్లూ వంపు తిరిగిన గీతల్లాగా కనిపిస్తాయి. ఒక్కొక్క గీతా ఒక్కొక్క కాలపు సముద్రపు ఒడ్డు.

పాఠ్యపుస్తకంలో వీటికి పెద్ద పెద్ద పేర్లున్నాయి. అవక్షేపాలు, నిక్షేపాలు, తీరస్వరూపాలు. పరీక్షకి అవే రాస్తాం, రాయాలి. కాని మన పల్లెల్లో ఇంతకంటె మంచి మాటలున్నాయి. వరద తీశాక పొలంలో మిగిలిన ఇసుక మేట. చెరువు అడుగున చేరింది పూడిక. ఏటి నీళ్ళలో తేలుతూ వచ్చిన మెత్తని మట్టి ఒండు. ఏరు సముద్రంలో కలిసే చోటు మొగ. ఏటి నడుమ తేలిన నేల లంక. దివిసీమలో నాగాయలంక, హంసలదీవి, ఈలచెట్లదిబ్బ అనే ఊళ్ళున్నాయి. ఆ పేర్లు వినగానే కింద నేల ఎలాంటిదో తెలిసిపోతుంది. భూగర్భశాస్త్రం చదవని మనిషి పెట్టిన పేర్లవి.

ఇక ఈ దిబ్బలు ఎలా పుట్టాయంటారా, వరదలో నది ఇసుకనీ ఒండునీ కలిపి తెచ్చి మొగదగ్గర దించుతుంది. ఒండు తేలిక గనక నీళ్ళతోబాటు దూరం పోయి నెమ్మదిగా అడుక్కి దిగుతుంది. ఇసుక దగ్గర్లోనే పడుతుంది. అల ఒడ్డుకి నేరుగా రాదు, ఏటవాలుగా వస్తుంది. అందుకని ఒక్కొక్క అలా ఇసుకగింజని కాస్త పైకి తోసి కాస్త పక్కకి జరుపుతుంది. అలా మన తూర్పుతీరంలో నైరుతిగాలుల నెలల్లో ఇసుక ఉత్తరానికి నడుస్తుంది, ఈశాన్యగాలుల నెలల్లో వెనక్కి నడుస్తుంది. ఏడాది మొత్తానికి ఉత్తరానికి పోయేదే ఎక్కువ. నడిచే ఇసుకని అలలు ఒడ్డున గట్టులాగా పేరుస్తాయి, గాలి దానిమీద ఇంకొంచెం పోస్తుంది, తీగా గడ్డీ పుట్టి పట్టుకుంటాయి. ఈలోగా నది ఇంకా ఇసుక తెస్తుంది. ముందు ఇంకో గట్టు లేస్తుంది. పాతది వెనక మిగిలిపోతుంది.

సముద్రం చూడని మిత్రులు మే నెలలో ఒకసారి హిమాయత్‌సాగర్ ఒడ్డుకి వెళ్ళి చూడండి. నీళ్ళు తగ్గినకొద్దీ ఒడ్డున మెట్లుమెట్లుగా సన్నని గీతలు మిగిలివుంటాయి. ప్రతి గీతలోనూ కొంచెం ముతక ఇసుక, కొన్ని పుల్లలు, గుల్లలు. నీళ్ళు కొన్నాళ్ళు అక్కడ ఆగాయన్నమాట. మా దిబ్బలు కూడా అలాంటివే. తేడా ఏమిటంటే అక్కడ నీళ్ళు తగ్గి గీతలు మిగిలాయి; మావైపు నది నేలని ముందుకి తోస్తే దిబ్బలు మిగిలాయి.

సముద్రమట్టం ఇంచుమించు ఇప్పటి స్థాయికి చేరి ఆరేడువేల ఏళ్ళయిందని శాస్త్రజ్ఞులు లెక్కకట్టారు. అప్పటినుంచీ కృష్ణా గోదావరులు నేలని పెంచుకుంటూ వచ్చాయి. కొల్లేరు ఇవాళ సముద్రానికి 35 కిలోమీటర్లు లోపల వున్న మంచినీటి సరస్సు. ఒకప్పుడది సముద్రపు కయ్య. ఒకవైపు కృష్ణ, ఒకవైపు గోదావరి తమ తమ డెల్టాలని ముందుకి జరుపుకుంటూ పోతే అది మధ్యలో చిక్కుకుపోయింది. దాని నీళ్ళు ఇప్పటికీ ఉప్పుటేరు అనే ఒక్క ఏటిదారినే సముద్రానికి పోవాలి. పులికాట్ సరస్సుది ఇంకా ఆ మొదటి దశే. శ్రీహరికోట అనే పొడవాటి ఇసుకదీవి దాన్ని సముద్రంనుంచి వేరుచేస్తోంది. మనం గర్వంగా చూసే రాకెట్లు పైకి లేచేది ఆ ఇసుకమీదినుంచే. పులికాట్‌కి ఉత్తరాన వున్న ఒక మొగ పేరు రాయదొరువు. ఈ దొరువు అన్న మాట దగ్గరే నా అసలు విషయం మొదలవుతుంది.

దొరువంటే ఇసుకలో తవ్విన లోతు తక్కువ గుంట. దిబ్బవాలులో ఐదారడుగులు తవ్వితే మంచినీళ్ళు ఊరతాయి. సముద్రం కూతవేటు దూరంలో వున్నా సరే, తియ్యటి నీళ్ళు! మా తాత రెండు కుండలు కావిడికి కట్టుకుని దొరువులోకి దిగి, నింపుకుని, వంగనారుకి పోసేవాడట. మా నాన్న చేతికి ఇంజనొచ్చింది. దొరువుమీదనే వేరుశనగ, వంగ, గోంగూర, వరి నారుమళ్ళు. కాలవనీళ్ళు ఆలస్యమైన ఏడు నారు పోసుకోవడానికి పర్ర రైతులు కూడా మా దిబ్బవాలుకే వస్తారు.

ఆ నీళ్ళు అక్కడ ఎలా నిలుస్తున్నాయి? దిబ్బమీద పడిన వాన పారదు, ఇసుక తాగేస్తుంది. కిందికి దిగిన మంచినీరు ఉప్పునీటికంటె తేలిక గనక దానిమీద తేలుతుంది, పాలమీద మీగడలాగా. దీని లెక్క 1880ల చివర్లో గైబెన్ అనే డచ్చి ఇంజనీరూ, 1901లో హెర్జ్‌బర్గ్ అనే జర్మనూ విడివిడిగా కట్టారు. మంచినీటి మట్టం సముద్రమట్టంకంటె ఒక అడుగు ఎత్తున వుంటే, కింద సుమారు 40 అడుగుల దాకా మంచినీరు వుంటుంది. వినడానికి ఎంత బాగుంది! కాని అదే లెక్కని తిరగేసి చదవండి. పైన మట్టం ఒక్క అడుగు దిగితే కింద ఉప్పునీరు 40 అడుగులు పైకొస్తుంది. నేలలో లెక్క పుస్తకంలోలాగా అంత కచ్చితంగా నడవదు. మా దిబ్బకింద వున్నది పలచటి మీగడ. అయినా దిశ మాత్రం అదే. అందుకే బాపట్లలోని వ్యవసాయ శాస్త్రజ్ఞులు లోతు బోర్లు వద్దని, ఇసుకలో పైపైనే అడ్డంగా గొట్టాలు పరిచి నీటిని ఒక బావిలోకి చేర్చుకునే మెరుగైన దొరువు పద్ధతిని రూపొందించారు. మీగడని పైపైన తీసుకోవాలి గాని చెంబు ముంచకూడదని దాని సారాంశం.

దిబ్బ ఎత్తే ఆ నీటికి బలం. ఎత్తుగా వున్న ఇసుకలో నీటిమట్టం కూడా కొంచెం ఉబ్బుగా వుండి, వాలువైపుకి నెమ్మదిగా ఊరుతూ దొరువుల్లోకి వస్తుంది. దిబ్బ తీసేస్తే ఆ ఉబ్బు పోతుంది. నీటిమట్టం నేలకి మరీ దగ్గరై ఎండకి ఆవిరవుతుంది. మిగిలేది చవుడు.

ఇప్పుడు మా ఊరి సంగతి. రెండేళ్ళుగా దిబ్బ తూర్పుకొన తరుగుతోంది. ఇళ్ళస్థలాలు మెరక చెయ్యడానికి, రోడ్ల కిందికి, చెరువుగట్లకి ఇసుక కావాలి. కృష్ణ ఇసుకకి ధరెక్కువ, కాగితాలెక్కువ. దిబ్బ ఇసుకకి అడిగేవాడు లేడు. తూర్పుకొన పట్టాదారులు ఇద్దరు అమ్ముకున్నారు. వాళ్ళ పక్కనున్న దొరువు నీళ్ళు పోయిన వేసవికే నోట్లో పెట్టుకోలేనంత ఉప్పయ్యాయి. పక్క పర్రలో రొయ్యల చెరువులు కూడా వున్నాయి, వాటి వాటా ఎంతో దీని వాటా ఎంతో కొలిచి చెప్పినవాడు లేడు. సంక్రాంతికి ఇంటికి వెళితే కాంట్రాక్టరు మా వాకిట్లో కుర్చీ వేసుకుని కూచుని వున్నాడు. ఆయన వెళ్ళాక నాన్న అన్నాడు:

"ఒరేయ్, దిబ్బ తీస్తే చదునవుద్ది, బోరేసుకుంటే వరే పండుద్దంటన్నాడు. డబ్బులు ముందే ఇస్తాడంట. నీ చదువు ఏమంటదిరా?"

ఆయన ఇస్తానన్న డబ్బు మాకు రెండు పంటల వేరుశనగమీద వచ్చేదానికంటె ఎక్కువ. నా ఫీజూ, చెల్లెలి ఇంటరూ, బాంకు అప్పూ అన్నీ ఆ మాటలో వున్నాయి. కాబట్టి అమ్ముకున్న రైతుని తిట్టే హక్కు తార్నాకలో టీ తాగేవాడికి లేదు, నాకూ లేదు. నేను నాన్నకి మీగడ లెక్క చెప్పాను. ఆయన విని, "అదంతా మాకు తెలవకపోతే కదా! మరి చుట్టూతా అందరూ తీసేస్తే మనదొక్కటీ వుండి ఏం చేద్దిరా?" అన్నాడు. దీనికి సమాధానం రైతు ఒక్కడి చేతిలో లేదు. అందుకే ఈ వ్యాసం రాస్తున్నాను.

చట్టం లేదా అంటే వుంది. 1991 ఫిబ్రవరి 19న కేంద్రప్రభుత్వం తీరప్రాంత నియంత్రణ ఉత్తర్వు ఇచ్చింది. దాన్ని 2011లోనూ, 2019లోనూ మార్చి రాశారు. ఇసుకతిన్నెలని తవ్వకూడదు, చదును చెయ్యకూడదు అని అందులో వుంది. బాగానే వుంది. కాని సముద్రంవైపు ఆ ఉత్తర్వు పరిధి పెద్దపోటు గీతనుంచి 500 మీటర్లు. మా దిబ్బ సముద్రానికి ఐదు కిలోమీటర్ల లోపల వుంది. కనుక చట్టం దృష్టిలో అది తీరం కాదు. మరి ఏమిటది? కొండా కాదు, చెరువూ కాదు, అడవీ కాదు. రెవెన్యూ కాగితాల్లో ఒక ముక్క పట్టా, ఒక ముక్క పోరంబోకు, ఒక ముక్క సాగుకి పనికిరానిది. చెరువుకి శిఖం వుంది, ఏటికి కరకట్ట వుంది; పాత ఒడ్డుకి మాత్రం పేరు రాసుకునే గడి లేదు. ఒకే అలలు, ఒకే ఇసుకతో కట్టిన రెండు దిబ్బల్లో ముందుదానికి రక్షణ, వెనకదానికి ట్రాక్టరు. ఇదెక్కడి తర్కం?

"పోతే పోయింది, సముద్రం ఇంకో దిబ్బ పోస్తుందిలే" అనేవాళ్ళున్నారు. ఇలా అనేవాళ్ళకి ఆ ఇసుక ఎక్కడిదో తెలియాలి.

మా దిబ్బ ఇసుకని ఇక్కడ ప్రాక్టికల్స్‌లో జల్లెడ పట్టాను. ఎక్కువభాగం తెల్లని క్వార్ట్జ్, కొంత ఫెల్‌స్పార్, కాసిని ఎర్రని గార్నెట్లు, నల్లగా మెరిసే బరువు గింజలు. క్వార్ట్జూ ఫెల్‌స్పారూ ఎక్కడో చూసినట్టుందే అనుకుంటున్నారా? మన ప్రాంగణంలో ఏ గుట్ట చూసినా అవే. ఈ గ్రానైటు వయసు సుమారు 250 కోట్ల ఏళ్ళు. ఎండకీ వానకీ పగిలి మొరమవుతుంది, మొరం విడిపోయి ఇసుకవుతుంది. తార్నాకలో పెద్దవాన వెలిశాక రోడ్డు వాలున చూడండి: ముతక గింజలు ముందు ఆగి, సన్నవి ఇంకొంచెం ముందుకుపోయి, బురద మాన్‌హోలు దగ్గర చేరి, చిన్న డెల్టా ఒకటి తయారై వుంటుంది. దానిమీదనుంచే బస్సులు పోతుంటాయి. ఆ నీళ్ళు నాలాల్లోంచి మూసీలో పడతాయి. మూసీ వాడపల్లి దగ్గర కృష్ణలో కలుస్తుంది. కృష్ణ మా దగ్గర సముద్రంలో కలుస్తుంది. అంటే ఈ గుట్టలు మా దిబ్బలకి పుట్టిల్లు. ఒక్క మూసీయే కాదు. పశ్చిమాన దక్కను నల్లరాయి అరిగి రేగడి ఒండు ఇచ్చింది, మధ్యన గ్రానైటు ఇసుక ఇచ్చింది. కృష్ణ వేల ఏళ్ళు మోసింది.

ఇప్పుడా దారిలో ఎన్ని తలుపులో లెక్కపెట్టండి. 1908 సెప్టెంబరు వరదలో హైదరాబాదు మునిగిన తర్వాత మూసీమీద 1920లో ఉస్మాన్‌సాగర్, ఈసీమీద 1927లో హిమాయత్‌సాగర్ వచ్చాయి. కృష్ణమీద ఆలమట్టి, నారాయణపూర్, జూరాల, శ్రీశైలం, నాగార్జునసాగర్, పులిచింతల, ప్రకాశం బ్యారేజి. నీళ్ళు తలుపు దాటతాయి. ఇసుక దాటదు. వానాకాలంలో పేపర్లో రోజూ జలాశయాల మట్టాలు వేస్తారు కదా, ఆ పట్టికలోనే సాక్ష్యం వుంది. నాగార్జునసాగర్ కట్టినప్పటి నిల్వ 408 టీఎంసీలు, ఇప్పుడు నిండినా 312. శ్రీశైలం మొదట 308, ఇప్పుడు 215. ఆ తేడా అంతా పూడిక. మావైపు రావలసిన ఒడ్డు అక్కడ నీళ్ళకింద పడుకుని వుంది.

ఆంధ్ర విశ్వవిద్యాలయ శాస్త్రజ్ఞులు 2010లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, 1966–69 మధ్య కృష్ణ ఏడాదికి సుమారు 90 లక్షల టన్నుల ఒండు తెచ్చేది. 2000–05 నాటికి అది 4 లక్షల టన్నులకి పడిపోయింది. గోదావరిలో 1970లలో 15 కోట్ల టన్నులు; 2000–06 నాటికి 5 కోట్ల 72 లక్షలు. 1965 నుంచి 2008 దాకా రెండు డెల్టాల 336 కిలోమీటర్ల తీరంలో నికరంగా 76 చదరపు కిలోమీటర్ల నేల కోతకి పోయింది. రైతు లెక్కలో చెప్పాలంటే 18,700 ఎకరాల పైమాట. ఏళ్ళు గడిచినకొద్దీ కోత వేగం పెరిగింది కూడా. ఆరువేల ఏళ్ళు ముందుకి నడిచిన నేల నా తండ్రి జీవితకాలంలో వెనక్కి తిరిగింది. ఇంక కొత్త దిబ్బ ఎవరు పోస్తారు? వున్నవి ఎన్నో అన్నే.

ఇసుక నడక ఆగితే ఏమవుతుందో తీరంలో చాలాచోట్ల ఇదివరకే చూశారు. మద్రాసులో 1870లలో హార్బరు గోడలు మొదలుపెట్టాక దక్షిణాన ఇసుక చేరి మెరీనా బీచి వెడల్పయింది. ఉత్తరాన, తెలుగువాళ్ళు చాలామంది వుండే రాయపురంవైపు, సముద్రం నేలని తిన్నది. విశాఖపట్నంలో ఓడరేవు దగ్గర ఆగిన ఇసుకని తవ్వి, గొట్టాలగుండా మళ్ళీ నగరం బీచికి పోస్తూ వస్తున్నారు. అంటే అల ఉచితంగా చేసే పనిని యంత్రం డబ్బుకి చేస్తోంది. కాకినాడకి ఉత్తరాన ఉప్పాడలో ఇళ్ళూ గుళ్ళూ రోడ్డూ ఎన్నోసార్లు కోతకి పోయాయి. రాళ్ళు వేశారు, ఇసుక నింపిన పెద్దపెద్ద గొట్టపుసంచులు వేశారు, తుపానుకి అవీ చెదిరాయి. అదే కాకినాడ ముందు గోదావరి ఇసుకతో పెరిగిన హోప్ ఐలాండు అనే సన్నని ఇసుకకొమ్ము వుంది. కాకినాడ రేవుని పెద్ద అలలనుంచి కాపాడేది అదే. దాన్ని ఎవరూ కట్టలేదు.

ఇంతా చెప్పి ఆనకట్టలు వద్దంటావా అని అడిగితే, ఆ మాట డెల్టా రైతుబిడ్డ నోట రాదు. మా పర్రలో వరి పండేది బ్యారేజి నీళ్ళతోనే. కాచిగూడలో మా గది కుళాయికొచ్చే నీళ్ళలోనూ సాగర్‌నుంచి తెచ్చిన కృష్ణ వుంది. ఆనకట్ట కట్టాం, అన్నం తింటున్నాం, ఒప్పుకుందాం. నేనడిగేది వేరు. పైన ఇసుక ఆగిపోయిందని తెలిసిన తర్వాత కూడా, కింద మిగిలిన పాతదాన్ని తవ్వుకోవడం ఏమిటని. రాబడి ఆగిపోయిన ఇంట్లో విత్తనాలగాదె ఖాళీ చేసేవాణ్ణి ఊళ్ళో ఏమంటారు?

మా గదిలో కరీంనగర్ మిత్రుడొకడున్నాడు. ఈ వ్యాసం చిత్తుప్రతి చదివి, "అరే, గమ్మత్తుగున్నది. మీరు ఇసుక అమ్ముకుంటున్రు. మేం చెరువుల మట్టి పైసలు పెట్టి మోసుకున్నం" అన్నాడు. వాడు చెప్పింది 2015లో మొదలైన మిషన్ కాకతీయ సంగతి. చెరువుల పూడిక తీసి ఇస్తే రైతులు తమ ఖర్చుతో ట్రాక్టర్లు పెట్టి పొలాలకి తోలుకున్నారు. పూడికకి ఒక విలువ వుందని అక్కడ పల్లె మొత్తానికి తెలుసు. తరతరాలుగా చెరువుమట్టిని పొలానికి తోలుకున్న మనుషులకి ఎవరూ నేర్పక్కర్లేదు. మా దిబ్బ ఇసుకకి ఇలాంటి విలువ ఎందుకు కట్టలేకపోయామని ఆలోచించాను. పూడిక విలువ తీసినప్పుడు తెలుస్తుంది. దిబ్బ విలువ తియ్యకుండా వుంచినప్పుడు తెలుస్తుంది. తియ్యకుండా వుంచినదానికి బిల్లు ఎవరూ రాయరు కదా! తుపాను వచ్చిన రోజు తప్ప. 1977 నవంబరు 19న ఉప్పెన వచ్చినప్పుడు మా నాయనమ్మకి పద్దెనిమిదేళ్ళు. దివిసీమలో వేలమంది పోయారు. మావైపు పర్రంతా ఉప్పునీళ్ళయితే చంకలో పిల్లవాడితో దిబ్బమీద తాడిచెట్ల మొదట్లో రాత్రంతా కూచున్నానని ఆమె ఇప్పటికీ చెబుతుంది. ఇప్పుడు ట్రాక్టర్లు తిరుగుతున్నది ఆ తాడిచెట్ల దగ్గరే.

ఏం చెయ్యాలి అంటే నాకు మూడు ముక్కలే తోస్తున్నాయి. మొదటిది, పాత దిబ్బలని గుర్తించి పటం గియ్యాలి. ఇది గొప్ప పనేం కాదు, ఉపగ్రహచిత్రం మీద డిగ్రీ విద్యార్థి కూడా గియ్యగలడు. ఆ పటం తాలూకాఫీసు గోడమీద వుండాలి, అడంగల్‌లో ఆ సర్వే నంబర్లకి ఎదురుగా "పాత తీరదిబ్బ" అని ఒక మాట వుండాలి. రెండోది, దిబ్బని అట్టే వుంచే రైతుకి ఏదో ఒక ఆదరువు వుండాలి. ఊరంతటి మంచినీళ్ళని కాపలా కాస్తున్నాడు గనక మెరుగైన దొరువు వెయ్యడానికి పూర్తి ఖర్చు ప్రభుత్వం పెట్టుకున్నా తప్పు లేదు. ఊరికే వద్దు వద్దు అంటే కాంట్రాక్టరే గెలుస్తాడు. మూడోది మనకి సంబంధించింది. మన పక్కనే, తార్నాక దాటగానే, 1961లో పెట్టిన జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ వుంది. ప్రాంగణంలో భూగర్భశాస్త్ర విభాగం వుంది. రాయి గురించి ఇంత తెలిసిన మనుషులు ఇన్నివందలమంది ఒక్కచోట వున్న ఊరు దేశంలో అరుదు. వాళ్ళలో కొందరి తీరిక, మా పల్లెలకి వేసవిలో పదిరోజులు, కావాలి. అడిగితే కాదంటారని నేననుకోను. ఇంతవరకు అడిగినవాళ్ళు లేరు.

ఈ ఏప్రిల్‌లో పరీక్షలయ్యాక నేను మా ఊళ్ళోనూ, అటూ ఇటూ రెండూళ్ళలోనూ కలిపి పన్నెండు దొరువుల నీళ్ళు కొలవబోతున్నాను. వారానికొకసారి లోతు, ఉప్పు. తవ్విన దిబ్బపక్కన ఆరు, తవ్వని దిబ్బపక్కన ఆరు. రొయ్యల చెరువు ఎంత దూరమో కూడా రాసుకుంటాను, లేకపోతే ఎవరి వాటా ఎంతో మళ్ళీ తేలదు. నాన్న కాంట్రాక్టరుతో జూన్ దాకా ఆగమన్నాడు. కాబట్టి నాకున్న గడువు కూడా అంతే. ప్రకాశం, కృష్ణా, నెల్లూరు జిల్లాల తీరపు ఊళ్ళనుంచి వచ్చిన విద్యార్థులు మన కళాశాలలో ఐదారుగురు వున్నారని విన్నాను. మీ ఊళ్ళోనూ ఇలా కొలవాలనుంటే సెలవులకి ముందు నన్ను కలవండి. ఉప్పు కొలిచే మీటరు మా లాబ్‌నుంచి ఒక్కటే ఇస్తామన్నారు. వంతులు వేసుకోవాలి.